పాలకొల్లు పిల్లాడు, కరెంటు మాండలిన్

పోయిన దసరాకి బాన్సువాడ వెళ్లినప్పుడు మా తమ్ముడు నన్ను పక్కకి పిలిచి ఒక ప్రశ్న అడిగాడు. తమ్ముడంటే మా చిన్నాయన కొడుకు. వాడి కూతురికి తొమ్మిదేళ్లు. కీబోర్డు వాయిస్తుంది. అందరి పిల్లలూ వాయించినట్టు కాదు, ఒకసారి విన్న పాటని రెండోసారి తప్పు లేకుండా వాయించేస్తుంది. ఎవరూ నేర్పలేదు. మావాడు ఆ వీడియోలు ఫోన్లోంచి పెడితే లక్షమంది చూశారట. దాంతో హైదరాబాద్ నుంచి ఎవరో ఫోన్ చేశారు. టీవీ ప్రోగ్రాం, ఆర్నెల్లు అక్కడే ఉండాలి, బడి సంగతి తర్వాత చూసుకోవచ్చు అన్నారట.

"అన్నా, నువ్వు సదువుకున్నోనివి. నాలుగు దేశాలు తిరిగినోనివి. ఒక్క ఏడాది బడి బంద్ వెడితే ఏమన్నైతదా? జెప్పు" అన్నాడు.

నాలుగు దేశాలు తిరిగానన్న మాట నిజమే కానీ తిరిగింది ఆఫీసు నుంచి హోటలుకి, హోటలు నుంచి ఆఫీసుకి. సంగీతం నాకు రాదు. సరిగమలు కూడా వరసగా చెప్పమంటే 'ని' దగ్గర తడబడతాను. అయినా అడిగిన తర్వాత ఏదో ఒకటి చెప్పాలి కదా. మనకి తెలిసిన పద్ధతి ఒక్కటే. ఈ బగ్గు ఇంతకు ముందు ఎవరికైనా వచ్చిందా, వస్తే వాళ్లకేమైంది అని పాత టికెట్లు తిరగెయ్యడం. హైదరాబాద్ తిరిగొచ్చాక రెండు నెలల పాటు రాత్రిళ్లు కూర్చుని చేసింది అదే. చిన్నప్పుడే స్టేజీ ఎక్కి జనాన్ని నోరెళ్లబెట్టించిన పిల్లలు, పెద్దయ్యాక ఏమయ్యారు అని.

ముందు అమెరికా వైపు వెళ్లాను. కారణం పెద్దగా ఏం లేదు, వెతికితే మొదట దొరికేవి వాళ్ల కథలే కాబట్టి.

1954 జులైలో మెంఫిస్ ఊళ్లో సన్ స్టూడియోలో ఎల్విస్ ప్రెస్లీ తన మొదటి రికార్డు పాడాడు. ఒక వైపు నల్లవాళ్ల బ్లూస్ పాట, రెండో వైపు కొండప్రాంతపు తెల్లవాళ్ల పాట 'బ్లూ మూన్ ఆఫ్ కెంటకీ'. ఈ రెంటినీ కలిపి దడదడలాడించిన ఆ పద్ధతికే రాకబిల్లీ అని పేరొచ్చింది. రాక్‌కి హిల్‌బిల్లీని అతికిస్తే వచ్చిన మాట. హిల్‌బిల్లీ అంటే కొండ ఊళ్లోవాళ్లని పట్నపువాళ్లు చులకనగా పిలిచే మాట. (మనల్ని హైదరాబాద్ హాస్టల్లో "జిల్లానుంచొచ్చాడు" అనేవాళ్లు చూడండి, అలాంటిదే.) ఒక చిన్న సంగతి గుర్తుపెట్టుకోండి, తర్వాత పనికొస్తుంది. ఆ రెండో వైపు పాట రాసిన బిల్ మన్రో వాయించేది మాండలిన్.

ఆ గాలి వీస్తున్న రోజుల్లోనే కాలిఫోర్నియా టీవీలో 'టౌన్ హాల్ పార్టీ' అనే కార్యక్రమంలోకి ఒక అక్కా తమ్ముడూ వచ్చారు. లోరీ కాలిన్స్, లారీ కాలిన్స్. కాలిన్స్ కిడ్స్ అనేవాళ్లు. వాళ్లది ఓక్లహోమా. పిల్లల సంగీతం కోసం కుటుంబమంతా ఇల్లు సర్దుకుని కాలిఫోర్నియా చేరింది. లారీకి అప్పటికి పదేళ్లు. వాడి చేతిలో రెండు మెడలున్న మాజ్‌రైట్ గిటారు, దాదాపు వాడంత ఉంటుంది. దాన్ని మెడకి తగిలించుకుని ఎగురుతూ గెంతుతూ వాయించేవాడు. పాత వీడియోలు ఇప్పటికీ దొరుకుతాయి, చూడండి. నేను చూసి చూసి నవ్వుకున్నాను, తర్వాత కొంచెం భయమేసింది. అలా వాయించడం వాడికి నేర్పింది జో మాఫిస్ అనే పెద్ద గిటారిస్టు. ఆయన దగ్గరా అదే రెండు మెడల గిటారు. కొలంబియా కంపెనీ 1955లో వాళ్లతో ఒప్పందం చేసుకుని రికార్డులు వేసింది. అంతా బానే ఉంది. కానీ ఒక్క పాట కూడా దేశమంతా పాడుకునేంత హిట్టు కాలేదు. 1959లో లోరీకి పెళ్లయింది. మరి కొన్నాళ్లకి జోడీ ఆగిపోయింది.

లారీ కథ అక్కడితో అయిపోలేదు లెండి. పెద్దయ్యాక పాటలు రాశాడు. వాడు ఇంకొకరితో కలిసి రాసిన 'డెల్టా డాన్' అనే పాటని 1972లో టాన్యా టకర్ అనే పిల్ల పాడి రాత్రికి రాత్రే స్టారయింది. ఆ పిల్ల వయసెంతనుకున్నారు? పదమూడు! 1993లో ఇంగ్లాండులో హెమ్స్‌బీ అనే ఊళ్లో రాకబిల్లీ అభిమానులు పండగ చేసుకుంటే, నడివయసులో ఉన్న ఆ అక్కాతమ్ముళ్లు మళ్లీ స్టేజీ ఎక్కారు. లోరీ 2018లో, లారీ 2024 జనవరిలో పోయారు.

అదే కాలంలో బ్రెండా లీ అని ఇంకో పిల్ల. ఎనిమిదేళ్లప్పుడు, 1953లో, తండ్రి పోయాడు. ఆ తర్వాత ఇల్లు నడిచింది ఆ పిల్ల పాట మీద. పదమూడేళ్లప్పుడు 1958లో పాడిన క్రిస్మస్ పాట ఒకటి, 2023 డిసెంబర్లో అమెరికా లెక్కల్లో మొదటి స్థానానికి చేరింది. అప్పటికి ఆవిడకి 78. అరవై అయిదేళ్ల తర్వాత! మనం రాసిన కోడు అయిదేళ్లు బతికితేనే గొప్ప.

ఇవన్నీ మా తమ్ముడికి చెప్తే ఏమంటాడో నాకు తెలుసు. "గాళ్లు దొరలు అన్నా, మనకెట్ల కుదురుతది" అంటాడు. అందుకని మనవాళ్లలో ఎవరున్నారా అని చూశాను. చిన్నప్పుడే గిటారు లాంటి కరెంటు వాయిద్యం పట్టుకుని, బ్యాండు వాళ్ల ఇంట్లోంచి వచ్చి, ప్రపంచమంతా తిరిగిన తెలుగు పిల్లాడు. వెతకాల్సిన పనే లేదు. మాండలిన్ శ్రీనివాస్.

ఇక్కడ నా సొంత గోల కొంచెం. మా బాన్సువాడ అప్పట్లో నిజామాబాద్ జిల్లా, 2016 నుంచి కామారెడ్డి జిల్లా. నిజాంసాగర్ కాలువ నీళ్లు, వరి, రైసుమిల్లులు. సంగీత సభలు గట్రా ఏమీ ఉండేవి కావు. అంటే సంగీతం లేదని కాదు, భజనలుండేవి, ఒగ్గుకథ ఉండేది, చిరుతల రామాయణం ఆడితే తెల్లారేదాకా కూర్చునేవాళ్లం. కర్ణాటక సంగీతం మాత్రం మాకు గుడి మైకులోంచి వచ్చేది. కార్తీకమాసంలో పొద్దున్నే మైకుసెట్టు ఆయన ఒక క్యాసెట్టు పెట్టేవాడు. సన్నగా, తీయగా, తీగ తెగిపోతుందేమో అన్నంత వేగంగా పోయే వాయిద్యం. నేను అది బుల్బుల్ అనుకున్నాను. మా తమ్ముడు కూడా అదే అనుకుని, వాడి దగ్గరున్న బుల్బుల్ మీద ఆ ముక్కని వాయించేశాడు. వాడికప్పుడు ఎనిమిదేళ్లు. అలా జారే స్వరాలు మాత్రం వాడికి రాలేదు. "నా దాంట్లె మీటలున్నయి, జారదు" అన్నాడు. ఆ మాట ఎంత లోతైనదో నాకు ఇప్పుడు చదివితే గానీ తెలియలేదు.

ఉప్పలపు శ్రీనివాస్ 1969 ఫిబ్రవరి 28న పశ్చిమ గోదావరి జిల్లా పాలకొల్లులో పుట్టాడు. తండ్రి సత్యనారాయణ క్లారినెట్ వాయించేవారు. ఇంట్లో మాండలిన్ ఉండేది. పిల్లాడు అయిదారేళ్లప్పుడు దాన్ని పట్టుకుని తనంతట తాను వాయించడం మొదలెట్టాడు. 1975లో మన తెలుగువాళ్లకి మాండలిన్ అంటే ఏంటో చెవికి తెలిసే ఉంటుంది. ఆ ఏడాదే వచ్చిన బాపు 'ముత్యాలముగ్గు'లో నేపథ్యమంతా వినిపించేది సజ్జాద్ హుస్సేన్ గారి మాండలినే. కానీ దాని మీద త్యాగరాజ కృతి వాయించవచ్చని పాలకొల్లులోనే కాదు, మద్రాసులో కూడా ఎవరూ గట్టిగా అనుకుని ఉండరు.

తండ్రి గురువు రుద్రరాజు సుబ్బరాజు గారు. చెంబై వైద్యనాథ భాగవతార్ శిష్యులు. పిల్లాడి చెయ్యి చూసి నేర్పడానికి ఒప్పుకున్నారు. చిక్కేంటంటే ఆయనకి మాండలిన్ రాదు. ఆయన గాత్రం మనిషి. అందుకని ఆయన పాడేవారు, పిల్లాడు దాన్ని తీగ మీదకి దించేవాడు. నాకు ఈ కథ మొత్తంలో అన్నిటికంటే నచ్చిన సంగతి ఇదే. మాండలిన్ తెలిసిన మాస్టారు దొరికుంటే వేలు ఇక్కడ పెట్టు, అక్కడ పెట్టు అని నేర్పేవాడు, పిల్లాడు మాండలిన్ వాయించినట్టే వాయించేవాడు. వాయిద్యం రాని గురువు దొరకబట్టి, "గొంతు ఇలా పోతోంది, నీ తీగని ఇలా పోనియ్యి, ఎలా పోనిస్తావో నీ ఇష్టం" అన్నట్టయింది. రిక్వైర్‌మెంటు గురువుది, ఇంప్లిమెంటేషన్ పూర్తిగా కుర్రాడిది! తండ్రి స్నేహితుడు వాసూరావు గారు పాశ్చాత్య సంగీతం రుచి కూడా చూపించారు.

ఇప్పుడు ఆ ఇంప్లిమెంటేషన్ ఎందుకు కష్టమో కొంచెం చెప్పాలి. సంగీతం తెలిసినవాళ్లు ఈ పేరా వదిలెయ్యండి.

మాండలిన్ ఇటలీది. ఎనిమిది తీగలు, రెండేసి చొప్పున నాలుగు జతలు. శ్రుతి వయొలిన్ లాగే ఉంటుంది కానీ, వయొలిన్‌కి లేని మెట్లు దీనికి ఉంటాయి. గిటారులో మోగే తీగ పొడవు 65 సెంటీమీటర్ల దాకా ఉంటే దీంట్లో 35 మాత్రమే. మెట్లు ఇరుగ్గా ఉంటాయి. తీగ జతలుగా ఉండటం వల్ల బిర్రుగా ఉండి పక్కకి లాగడానికి లొంగదు. పైగా మీటగానే టింగుమని మోగి ఆ నాదం వెంటనే చచ్చిపోతుంది, అందుకే మామూలుగా వాయించేవాళ్లు అదే స్వరాన్ని టకటకా మీటుతూ ఉంటారు. మన సంగీతానికి ఇదంతా విరుద్ధం. మనకి స్వరం అంటే ఒక చుక్క కాదు, ఒక గీత. ఒక స్వరంలోంచి ఇంకోదాంట్లోకి ఊగుతూ, జారుతూ పోవాలి. అదే గమకం. గమకం లేని రాగం అంటే అక్షరాలకి గుణింతం లేకుండా రాసిన తెలుగు. వీణకీ మెట్లున్నాయి కానీ అక్కడ తీగని పక్కకి లాగడానికి కావలసినంత జాగా ఉంటుంది, నాదం నిలబడుతుంది.

శ్రీనివాస్ చేసిందేంటంటే, జతలు తీసేశాడు. ఎనిమిది తీగల బదులు అయిదు ఒంటి తీగలు పెట్టుకున్నాడు. ఒంటి తీగ లాగితే లొంగుతుంది, అయిదో తీగతో కింద స్థాయి కూడా అందుతుంది. వాయిద్యానికి కరెంటు పెట్టాడు. పికప్పు, ఆంప్లిఫయర్ వల్ల ఒకసారి మెల్లగా మీటితే చాలు, నాదం నిలబడుతుంది, అది నిలబడి ఉన్నంతసేపూ ఎడమ చెయ్యి జారుతూ పోవచ్చు. అదన్నమాట నేను బుల్బుల్ అనుకున్న శబ్దం. మెంఫిస్‌లో కుర్రాళ్లు గిటారుకి కరెంటు పెట్టింది అరవడానికి. పాలకొల్లు కుర్రాడు పెట్టింది గుసగుసలాడటానికి.

పెద్దవాళ్లు ఊరుకుంటారా? కరెంటు వాయిద్యం, అదీ మాండలినా అని చాలామంది ముక్కు విరిచారు. మనవాళ్లకిది కొత్త కాదు. హార్మోనియంని ఆకాశవాణి 1940 నుంచి 1971 దాకా నిషేధించింది, మన సంగీతానికి పనికిరాదని! మరి వయొలిన్ ఎక్కడిది? ముత్తుస్వామి దీక్షితార్ తమ్ముడు బాలుస్వామి దీక్షితార్ మద్రాసులో యూరోపియన్ల దగ్గర నేర్చుకుని తెచ్చిందే కదా. విజయనగరంలో ద్వారం వెంకటస్వామినాయుడు గారు వాయించే నాటికి అది పరాయిదని ఎవరికీ గుర్తే లేదు. వాయిద్యం ఏ ఊరిదన్న ప్రశ్న మంచి వాయిద్యగాడు పుట్టేదాకానే.

1978లో గుడివాడ త్యాగరాజ ఉత్సవాల్లో శ్రీనివాస్ మొదటి కచేరీ. తొమ్మిదేళ్లు, సరిగ్గా మా తమ్ముడి కూతురి వయసు. ఇక్కడ ఒక మాట. గుడివాడలో, విజయవాడలో, కాకినాడలో పిల్లవాడు వాయిస్తే వినడానికి ఒక వేదిక, తప్పు పట్టుకోవడానికి ముందు వరసలో నలుగురు ముసలివాళ్లు ఉన్నారు. దానికి చాలా ముందు, 1938లో, విజయవాడలో ఎనిమిదేళ్ల మంగళంపల్లి మురళీకృష్ణ తన గురువు పారుపల్లి రామకృష్ణయ్య పంతులు గారి సమక్షంలో అలాంటి ఉత్సవంలోనే పాడితే, హరికథకులు ముసునూరి సూర్యనారాయణమూర్తి భాగవతార్ ముచ్చటపడి పేరుకి ముందు 'బాల' అని చేర్చారు. అది 86 ఏళ్లు వచ్చేదాకా బాలమురళీకృష్ణగానే ఉండిపోయింది. ప్రతిభ ఎక్కడైనా పుడుతుంది, ఒప్పుకుంటాను. కానీ ఆ ముందు వరస ముసలివాళ్లు అన్ని ఊళ్లలోనూ ఉండరు. మా ఊళ్లో లేరు.

తర్వాతవి గబగబా చెప్పేస్తాను, ఎక్కడ చూసినా దొరికేవే. 1981లో మద్రాసులో ఇండియన్ ఫైన్ ఆర్ట్స్ సొసైటీలో కచేరీ, పన్నెండేళ్లు. ఆ కచేరీతో మద్రాసు పడిపోయింది. కుటుంబం అక్కడికే మారింది. 1983లో పశ్చిమ బెర్లిన్ జాజ్ ఉత్సవం, పద్నాలుగేళ్లు. ఎమ్జీఆర్ హయాంలో, ఇంకా కుర్రాడిగా ఉండగానే, తమిళనాడు ఆస్థాన విద్వాంసుడు. 1998లో పద్మశ్రీ. 2009 సంవత్సరానికి సంగీత నాటక అకాడమీ అవార్డు. తమ్ముడు రాజేష్‌కి తనే నేర్పి పక్కన కూర్చోబెట్టుకున్నాడు.

కానీ పద్మశ్రీల లిస్టు కంటే నాకు ముఖ్యం అనిపించింది వేరే. ఇరవై ఏళ్లొచ్చాక ఏమైంది? ఎందుకంటే చిచ్చరపిడుగు అన్న మాటకి ఎక్స్‌పైరీ డేటు ఉంటుంది. తొమ్మిదేళ్ల పిల్లాడు కల్యాణి వాయిస్తే వింత. ఇరవై అయిదేళ్లవాడు వాయిస్తే అది కల్యాణి, అంతే. బాగుంటే బాగుంది, లేకపోతే లేదు. లారీ కాలిన్స్ చేసిన గెంతులు పదేళ్లప్పుడు ముద్దు, ఇరవై ఏళ్లప్పుడు గెంతులే. శ్రీనివాస్ స్టేజీ మీద ఎప్పుడూ గెంతలేదు. బాసింపట్టు వేసుక్కూర్చుని, చిరునవ్వుతో, తల కూడా పెద్దగా ఊపకుండా వాయించేవాడు. చిన్నప్పటి వీడియో, నలభై ఏళ్లప్పటి వీడియో పక్కపక్కన పెట్టి చూడండి. ఆ నవ్వు మారలేదు. వాయించడం మారింది. చిన్నప్పుడు వేగం ఎక్కువ. తర్వాత తర్వాత నెమ్మది ఎక్కువ, ఆలాపనలో ఒకే స్వరం మీద నిలబడిపోవడం ఎక్కువ. సంగీతం రాని నాకే తెలిసిందంటే తెలిసినవాళ్లకి ఇంకెంత తెలియాలి.

1995లో కెనడా గిటారిస్టు మైకెల్ బ్రూక్‌తో కలిసి 'డ్రీమ్' అనే ఆల్బం చేశాడు. పీటర్ గాబ్రియెల్‌కి చెందిన రియల్ వరల్డ్ వాళ్లు వేశారు. ఆ తర్వాత జాన్ మెక్‌లాగ్లిన్, జాకీర్ హుస్సేన్‌ల 'రిమెంబర్ శక్తి' బృందంలో చేరాడు. మెక్‌లాగ్లిన్ ఇతనికంటే 27 ఏళ్లు పెద్ద, కరెంటు గిటారుతో జాజ్‌నీ రాక్‌నీ కలిపిన తరానికి పెద్దదిక్కు. 2001లో వచ్చిన 'సాటర్‌డే నైట్ ఇన్ బాంబే' వినండి. రెండు కరెంటు తీగలు ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకుంటాయి. ఒకటి ఎల్విస్ కాలం నుంచి, బ్లూస్ నుంచి నడిచొచ్చిన తీగ. ఇంకోటి సుబ్బరాజు గారి గొంతు నుంచి వచ్చిన తీగ. బిల్ మన్రో మాండలిన్ సంగతి గుర్తుపెట్టుకోమన్నాను కదా. అదే వాయిద్యం కెంటకీ నుంచి ఒక దారిలో రాకబిల్లీ దాకా పోయింది, పాలకొల్లు నుంచి ఇంకో దారిలో వచ్చింది, చివరికి రెండూ బొంబాయిలో ఒక స్టేజీ మీద దాదాపు తగులుకున్నంత పనైంది.

2014 సెప్టెంబర్ 19న చెన్నైలో శ్రీనివాస్ పోయాడు. కాలేయ మార్పిడి జరిగిన తర్వాత. 45 ఏళ్లు. ఆ రోజు నేను ఆఫీసులో రిలీజు మధ్యలో ఉన్నాను. మా తమ్ముడు ఫోన్ చేసి "అన్నా, మన గుడి మైకాయన పోయిండట" అన్నాడు. నాకు ముందు అర్థం కాలేదు. మైకుసెట్టు ఆయనేమో అనుకున్నాను.

ఇంతకీ మా తమ్ముడి గురించి చెప్పలేదు కదా. వాడు పదకొండేళ్లకే బ్యాండుమేళంలో క్యాసియో వాయించేవాడు. పెళ్లి ఊరేగింపులో రిక్షా మీద కూర్చోబెట్టేవాళ్లు, ముందు వాడే. "పిల్లగాడు మస్తు వాయిస్తుండు" అని జనం నోట్లు గుచ్చేవాళ్లు. ఆ నోట్లు బ్యాండు ఓనరు జేబులోకి పోయేవి, వాడికి రాత్రికి ఇంత అని ఇచ్చేవాళ్లు. పెళ్లిళ్ల సీజన్లో తెల్లవారి రెండింటికి ఇంటికొచ్చేవాడు. పదో తరగతి పోయింది. ఇంకోసారి రాశాడు, ఇంకోసారి పోయింది. పదహారేళ్లొచ్చాయి, మీసాలొచ్చాయి. ఇక నోట్లు గుచ్చేవాళ్లు లేరు. రిక్షా మీద ఇంకో చిన్నపిల్లగాడు వచ్చాడు. వాడికి ఎవరూ సరళీస్వరాలు కూడా నేర్పలేదు, మాకెవరికీ ఆ ఆలోచనే రాలేదు. అందులో నేనూ ఉన్నాను. నేను అప్పుడు ఎంసెట్ కోచింగులో ఉన్నాను, సెలవులకి వస్తే "ఏదీ, గా పాట కొట్టు" అని వాయించుకుని విని వెళ్లిపోయేవాడిని. ఇప్పుడు వాడికి సౌండు సిస్టం అద్దెకిచ్చే షాపుంది. బానే ఉన్నాడు. క్యాసియో అటక మీద ఉంది. ఉండేది. కూతురు దింపిందాకా.

అందుకే వాడు నన్నడిగింది మామూలు ప్రశ్న కాదు. సమాధానం వాడికి తెలుసు, నాతో చెప్పించాలనుకున్నాడు. ఏ సమాధానం అన్నదే నాకు తెలియలేదు.

రెండు నెలల తర్వాత ఫోన్ చేశాను. తేలిగ్గా చెప్పగలిగేది ముందు చెప్పాను. టీవీ వాళ్లు ఏమన్నా సరే, 2017 నుంచి చట్టంలో రూల్సు ఉన్నాయి. కళాకారులుగా పనిచేసే పిల్లల చేత రోజుకి అయిదు గంటలకి మించి పని చేయించకూడదు, మధ్యలో విరామం లేకుండా మూడు గంటలు దాటకూడదు, వరసగా 27 రోజులకి మించకూడదు. కలెక్టరు అనుమతి కావాలి. చదువు ఆగకూడదు. వచ్చిన డబ్బులో అయిదో వంతు తక్కువ కాకుండా పిల్ల పేరున బ్యాంకులో డిపాజిట్ వెయ్యాలి. అమెరికాలో ఇలాంటి చట్టం 1939లోనే వచ్చింది, చాప్లిన్ 'ది కిడ్'లో వేసిన జాకీ కూగన్ సంపాదనని తల్లీ, సవతి తండ్రీ ఖర్చుపెట్టేశాక. ఇవన్నీ రాసిమ్మని అడుగు, ఇవ్వకపోతే వాళ్ల ఉద్దేశం తెలిసిపోతుంది అన్నాను. అడిగాడు. ఆ తర్వాత వాళ్లు ఫోన్ ఎత్తట్లేదు :-)

తేలిగ్గా చెప్పలేనిది రెండోది. నిజామాబాద్‌లో ప్రభుత్వ సంగీత కళాశాల ఉంది కదా, వారానికి రెండుసార్లు బస్సులో తీసుకుపో, గాత్రం నేర్పించు అన్నాను. కీబోర్డు కాదు, గాత్రం. వాడు చాలాసేపు మాట్లాడలేదు. "గాత్రమా? గది మేం పెళ్లిలల్ల వాయించేటిది కాదు గద అన్నా. ఎన్నేండ్లు వడ్తది?" అన్నాడు. పదేళ్లు అన్నాను. "పదేండ్లైనంక ఏమైతది?" నేనేం చెప్పగలను? శ్రీనివాస్ అయిపోతుందని చెప్పే ధైర్యం నాకు లేదు. సుబ్బరాజు గారు గుడివాడ వేదికకి ముందే బెర్లిన్ సంగతి చెప్పి ఒప్పించి ఉంటారా? ఉండరు. సాయంత్రం అయింది, కూర్చో, పాడతాను, వాయించు. అంతే ఉండి ఉంటుంది.

మెక్‌లాగ్లిన్, జాకీర్ హుస్సేన్‌ల శక్తి బృందం 2023లో 'దిస్ మూమెంట్' అనే ఆల్బం తెచ్చింది. దాంట్లో మొదటి పాట పేరు 'శ్రీనీస్ డ్రీమ్'. శ్రీనివాస్ పోయి అప్పటికి తొమ్మిదేళ్లు. 2024 ఫిబ్రవరిలో ఆ ఆల్బంకి గ్రామీ వచ్చింది. అదే ఏడు డిసెంబర్లో జాకీర్ హుస్సేన్ కూడా పోయారు.

మొన్న సంక్రాంతికి మళ్లీ ఊరికెళ్లాను. పిల్లకి ఫోన్లో శ్రీనివాస్ చిన్నప్పటి కచేరీ ఒకటి పెట్టి చూపించాను. అరగంట కదల్లేదు. వాళ్ల నాన్న గుమ్మం దగ్గర నిలబడి వింటున్నాడు, షాపుకి టైమవుతున్నా. అయ్యాక పిల్ల అడిగింది.

"పెద్దబాపూ, గట్ల జారుడు నా కీబోర్డుల ఎట్లొస్తది?"

"రాదు బిడ్డా, దాంట్లె మీటలుంటయి" అన్నాడు మా తమ్ముడు.

పిల్ల కీబోర్డు ఎడమ పక్కనున్న చిన్న చక్రం వైపు చూసింది. స్వరాన్ని కొంచెం పైకీ కిందికీ వంచే చక్రం, దాన్ని ఆ ఇంట్లో ఎవరూ ఎప్పుడూ ముట్టుకోలేదు. ఒక వేలితో మీట నొక్కిపట్టి, ఇంకో చేత్తో దాన్ని తిప్పింది. కుయ్‌మని వికారంగా మూలిగింది. నాకు నవ్వొచ్చింది. పిల్ల నవ్వలేదు. మళ్లీ నొక్కింది.